నెవియా నోట నా పాట

సెప్టెంబర్ 3

ఇవాళ మౌనం.

హైదరాబాద్‌లో డబ్బింగ్ చెప్పే రోజుల్లో పెద్ద ఏడుపు సీన్ ఉందంటే ముందురోజు గొంతుకి సెలవిచ్చేదాన్ని. మాట్లాడకూడదు కాబట్టి కడుపులో ఉన్నదంతా డైరీలో కక్కేదాన్ని. పెళ్ళయి మిషిగన్ వచ్చాక గొంతుకి అన్నీ సెలవులే, రాయాల్సిన పనే పడలేదు. ఇప్పుడు పడింది. మా అమ్మాయి ఇషా వాడి వదిలేసిన స్పైరల్ బుక్ దొరికింది, మొదటి పేజీల్లో దాని ఆల్జీబ్రా, తర్వాత నేను.

పొద్దున్నే ఫ్రిజ్ మీద బోర్డులో "ఈరోజు నేను మాట్లాడను" అని రాశాను. మా ఆయన జగన్ చదివి, "ముందే చెబితే లీవ్ పెట్టి ఎంజాయ్ చేసేవాణ్ణిగా" అన్నాడు. మనిషి మంచివాడే. కార్ల బ్రేకులు డిజైన్ చేసి చేసి జోకులు కూడా ఆగి ఆగి వస్తాయి.

ఈ మౌనం మా వీధి చివరింటి నెవియా గారి కోసం. ఎందుకన్నది ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. చెప్పనని ఆవిడకి మాటిచ్చాను. ఈ పుస్తకానికి చెబితే తప్పు లేదనుకుంటాను.

సెప్టెంబర్ 8

పోయిన చలికాలం జగన్ ఆవిడ డ్రైవ్‌వే మీద మంచు తీసిపెడితే ఒక పెద్ద సీసా టమాటా సాస్ ఇచ్చింది. మా ఆయన దాన్ని ఇంగువ పోపు పెట్టి ఇడ్లీలోకి తిన్నాడు. ఖాళీ సీసా ఇవ్వడానికి వెళితే హాల్లో గోడ నిండా సినిమా పోస్టర్లు. అన్నిట్లోనూ ఒకటే మొహం. నెవియా కస్తాల్ది. ఇటలీలో ఒకప్పుడు హీరోయిన్, గాయని. ఇప్పుడు ఎనభై నాలుగేళ్ళు. మా ఊరు ఫార్మింగ్టన్ హిల్స్‌లో చెత్తడబ్బా తనే తోసుకెళ్ళి రోడ్డు పక్కన పెట్టుకునే ఆవిడ.

నేను డబ్బింగ్ చెప్పేదాన్ననగానే ఆవిడ కుర్చీలో ముందుకి జరిగింది. "అయితే నువ్వు ఇనెస్‌వి" అంది.

ఇనెస్ ఎవరో ఆరోజు చెప్పలేదు. తర్వాత కార్లో ఫిజికల్ థెరపీకి తీసుకెళ్ళినప్పుడల్లా కొంచెం కొంచెం చెప్పింది. ఆవిడ ఇంగ్లిష్ కూడా నా ఇంగ్లిష్ లాగే కుంటుతుంది కాబట్టి మా ఇద్దరికీ అర్థం కానిది లేదు.

నెవియా వాళ్ళ నాన్న బారీ అనే ఊళ్ళో, రేవులో చేపల వేలం పాడేవాడట. ఆ బొంగురు గొంతే కూతురికి వచ్చింది. పదిహేడేళ్ళప్పుడు సముద్రం ఒడ్డు హోటల్లో పాడుతుంటే రోమ్ నుంచి వచ్చిన నిర్మాత చూసి మొహం బాగుందన్నాడు. గొంతు సంగతి ఎత్తలేదు. మొదటి సినిమా వచ్చినరోజు నెవియా వాళ్ళమ్మనీ వీధిలో వాళ్ళందరినీ హాలుకి తీసుకెళ్ళింది. తెరమీద నోరు తెరిచింది. పాలూ తేనే కలిపినట్టు ఎవరిదో గొంతు వచ్చింది. వాళ్ళమ్మ చీకట్లో, "ఎవరే ఆ పిల్ల?" అని అడిగిందట.

ఆ పిల్ల ఇనెస్. రోమ్‌లో డబ్బింగ్ చెప్పే మనిషి. అప్పట్లో అక్కడ షూటింగ్‌లో అన్న మాటలు పారేసి తర్వాత తీరిగ్గా మంచి గొంతులు అతికించేవాళ్ళట. నాకు నవ్వొచ్చింది. మన దగ్గర హీరోయిన్‌కి మాట ఒకరిది, పాట ఒకరిది, నవ్వొక్కటే సొంతం. నా చేతికి వచ్చిన వాళ్ళకి ఆ నవ్వు కూడా నాదే.

సెప్టెంబర్ 11

నెవియా గురించి ఇంకొంచెం. మర్చిపోకముందే.

పాటలు మాత్రం ఆవిడే పాడేది, రికార్డు కంపెనీ వాళ్ళు పట్టుబట్టారు కాబట్టి. అంటే ఒకే సినిమాలో మాట ఇనెస్‌ది, పాట నెవియాది. పట్టుచీర మీద గోనెపట్టా కప్పినట్టుందని ఒక పేపర్‌వాడు రాశాడట. కానీ జనానికి ఆ గోనెపట్టాయే నచ్చింది. రేవు దగ్గర పడవ కోసం కాచుకునే ఆడదాని పాట ఒకటి దేశమంతా పాడుకున్నారు. అవార్డు ఇచ్చారు. స్టేజి మీద నెవియా డైరెక్టర్ పేరు చెప్పింది, టైలర్ పేరు చెప్పింది. ఇనెస్ వెనక వరసలో కూర్చుని ఉంది. ఆవిడ పేరు చెప్పలేదు. నిర్మాత కళ్ళతోనే వద్దన్నాడట.

"తర్వాతి రోజు ఇనెస్ స్టూడియోకి వచ్చింది. నా ఏడుపు సీన్ ఉంది. నన్నొక్క మాట అనలేదు" అంది నెవియా. మళ్ళీ తనే, "ఆ ఏడుపు చాలా బాగా వచ్చింది" అంది.

కొన్నేళ్ళకి ఒక కొత్త డైరెక్టర్, నీ గొంతుతోనే మాట్లాడు అన్నాడు. మాట్లాడింది. జనం ఒప్పుకోలేదు. ఇది నెవియా గొంతు కాదు, ఎవరినో పెట్టి మోసం చేశారని ఉత్తరాలు రాశారు. ఆ తర్వాత చిల్లర వేషాలు, స్పెయిన్‌లో రెండు మూడు గుర్రాల సినిమాలు, టీవీలో సబ్బుల ప్రకటన. చివరికి డెట్రాయిట్‌లో టైల్స్ వ్యాపారం చేసే ఇటాలియన్ని పెళ్ళి చేసుకుని ఇక్కడికి వచ్చేసింది. ఆయన పోయాడు. మూడేళ్ళ కింద థైరాయిడ్ ఆపరేషన్ అయ్యాక ఆవిడకి గుసగుస తప్ప గొంతే లేదు.

ఇదంతా విన్నాక ఆవిడ అడిగినదానికి నేను కాదనగలనా?

సెప్టెంబర్ 14

అడిగింది ఇది. ఇక్కడి ఇటాలియన్ వాళ్ళ సంఘం హాల్లో ఆవిడకి సన్మానం. ఆ పాత సినిమా వేస్తారు. చివర్లో ఆవిడ స్టేజి మీద రేవు పాట పాడాలి. పాడతానని ఒప్పుకుని వచ్చేసిందట.

"నేను నోరు కదుపుతాను. నువ్వు తెర వెనక పాడు" అంది.

నా చెయ్యి పట్టుకుంది. "అయిపోగానే నిన్ను పిలుస్తాను. అందరి ముందూ నీ పేరు చెబుతాను. ఈ గొంతు జిరీజాది అంటాను. ఇనెస్‌కి చేసింది నీకు చెయ్యను" అంది. గిరిజ అనడం ఆవిడకి రాదు, జిరీజా అంటుంది.

నా పేరు ఏ సినిమా టైటిల్స్‌లోనూ పడలేదు. బాధ అని కాదు. ఎప్పుడూ అడగలేదు కూడా. అడిగితే పిలవడం మానేస్తారని మా సీనియర్ రాజేశ్వరమ్మ గారు మొదటి రోజే చెప్పారు. అమ్మ మాత్రం ప్రతి సినిమాకీ టైటిల్స్ అయిపోయే దాకా హాల్లో నిలబడేది.

సెప్టెంబర్ 22

పాటంతా తెలుగు అక్షరాల్లో రాసుకున్నాను. మనలాగే వాళ్ళ మాటలు కూడా అచ్చుల మీద ఆగుతాయి, నాలుక మడతపడాల్సిన పని లేదు. కష్టమల్లా వయసు. ఎనభై నాలుగేళ్ళ గొంతు ముసలిదానిలా వణకకూడదు, పడుచులా నిలబడకూడదు. అన్నం వార్చేటప్పుడు, బట్టలు మడతపెట్టేటప్పుడు అదే పని.

నెవియా సోఫాలో కూర్చుని నోరు కదుపుతుంది. నేను ఎదురుగా ఆవిడ పెదవులు చూస్తూ పాడతాను. ఇవాళ మొదటిసారి అచ్చంగా కలిసింది. ఆవిడ వాళ్ళాయన మేనల్లుడు రెంజో, పెళ్ళిళ్ళకి సౌండ్ సిస్టం పెట్టే కుర్రాడు, కాఫీ కప్పు పట్టుకుని అలాగే నిలబడిపోయాడు.

"ఎలా చేస్తావు?" అని అడిగింది నెవియా.

"మేం బాగా చేస్తే మేం అక్కడ లేనట్టే ఉంటుంది" అన్నాను. గొప్పగా అన్నాను. ఆవిడ ఆ మాటని తిరిగి ఇటాలియన్‌లో రెంజోకి చెప్పింది.

సెప్టెంబర్ 30

మౌనం. అల్లం నిమ్మరసం వద్దు. మిరియాలూ బెల్లం చాలు.

అక్టోబర్ 2

జగన్‌ని హాలుకి రమ్మన్నాను. సర్‌ప్రైజ్ అని చెప్పాను. ఇషాకి ఆరోజు వయోలిన్ పోటీ ఉంది, దాన్ని వాళ్ళ ఫ్రెండ్ వాళ్ళమ్మ తీసుకెళుతుంది. ఇషా లేకపోవడం ఒక్కటే లోటు. వీడియో చూపిద్దాంలే.

గద్వాల చీర తీసి ఇస్త్రీ చేశాను. తెర వెనక పాడేదానికి గద్వాల చీరేమిటని మనసు అడుగుతోంది. చివర్లో ముందుకి వెళతాగా.

అక్టోబర్ 5

రాస్తాను. వరసగా రాస్తాను.

హాలు నిండింది. నన్ను స్టేజి వెనక, వంటింటి పక్కన కూర్చోబెట్టారు. చెవులకి హెడ్‌ఫోన్స్, ఎదురుగా చిన్న టీవీలో నెవియా మొహం. సినిమా అయ్యాక ఆవిడ మైక్ దగ్గరికి వచ్చి గుసగుసగా, డాక్టర్ నన్ను మాట్లాడొద్దన్నాడు, ఈ పాట కోసమే గొంతు దాచుకున్నాను అంది. అందరూ కొట్టిన చప్పట్లకి నా కుర్చీ కూడా అదిరింది.

పాడాను. మూడో చరణంలో ఆవిడ ప్రాక్టీసులో లేని చోట నోరు తెరిచి అలాగే ఉంచేసింది. ఏదో ఒకటి నింపాలి. ఇషా చిన్నప్పుడు నిద్రపట్టే దాకా జోలపాట చివర ఒక మలుపు తిప్పేదాన్ని, అది వచ్చేసింది. రేవు పాటలోకి మా ఇంటి జోల. అయినా అతికింది. నెవియా పెదవులు దాంతోనే ముగిశాయి.

అందరూ లేచి నిలబడ్డారు. నేను హెడ్‌ఫోన్స్ తీసి, కుచ్చిళ్ళు సర్దుకుని తెర అంచు దగ్గరికి వెళ్ళి నిలబడ్డాను. ఒక అడుగు వేస్తే వెలుతురు.

నెవియా దేవుడికి థాంక్స్ చెప్పింది. వాళ్ళమ్మకి, వాళ్ళాయనకి. హాలు ప్రెసిడెంట్‌కి. రెంజోకి. మీట్‌బాల్స్ చేసినావిడని పేరు పెట్టి పిలిచి, చెయ్యెత్తించి మరీ థాంక్స్ చెప్పింది.

పూలు ఇచ్చారు. దీపాలు వేశారు. రెంజో నావైపు ఒకసారి చూసి, వెంటనే వంగి వైర్లు చుట్టుకోవడం మొదలుపెట్టాడు.

నేను వంటింట్లోంచి వెనక తలుపు తీసుకుని పార్కింగ్‌లోకి వచ్చేశాను.

జగన్ కారు దగ్గర కళ్ళు తుడుచుకుంటున్నాడు. "ముసలావిడ చంపేసింది గిరిజా. ఒక్క ముక్క అర్థం కాలేదు, అయినా ఏడుపొచ్చేసింది. ఏం గొంతు!" అన్నాడు. పదహారేళ్ళు నాతో కాపురం చేసిన మనిషి.

దార్లో, "ఇంతకీ సర్‌ప్రైజ్ అన్నావు, ఏమిటి?" అని అడిగాడు.

"ఆవిడ పాడటమే" అన్నాను.

అక్టోబర్ 6

కంగారులో మర్చిపోయి ఉంటుంది. ఎనభై నాలుగేళ్ళు. అంతమంది ఒక్కసారి లేచి నిలబడితే ఎవరికైనా మతి పోతుంది.

అక్టోబర్ 7

నా పేరు సరిగ్గా పలకడం రాదు కదా. జనం ముందు తప్పు పలికితే బాగుండదని ఆగిపోయి ఉంటుంది. అంతే.

అక్టోబర్ 9

మీట్‌బాల్స్ ఆవిడ పేరు కన్సెత్తా. అది మాత్రం గబగబా పలికింది.

అక్టోబర్ 12

దసరా. సాయంత్రం గుడికి వెళ్ళొచ్చాం. అక్కడ తెలిసినమ్మాయి నమ్రత ఫోన్ తీసి, "గిరిజక్కా, మీ నైబర్ కదా, ఈ వీడియో చూశావా? మా ఆఫీస్ గ్రూప్‌లో ఫార్వర్డ్ అయింది" అంది. చూశాను. కింద కామెంట్లు. అరవై ఏళ్ళ తర్వాత కూడా అదే గొంతు, అసలైన గొంతంటే ఇదీ, ఈ రోజుల్లో అన్నీ నకిలీలే అని ఎవరో రాశారు.

నమ్రత ఇయర్‌ఫోన్ నా చెవిలో పెట్టింది. మలుపు దగ్గర కళ్ళు మూసుకున్నాను.

"ఎంత ఫీల్ ఉందో కదా అక్కా" అంది.

"ఉంది" అన్నాను.

అక్టోబర్ 20

నెవియా ఫోన్ చేయలేదు. థెరపీకి కూడా రెంజోయే తీసుకెళుతున్నాడు. నాకేం బాధ లేదు, పెట్రోలు ఆదా.

నవంబర్ 4

ఏదో కాలేజీ ఫిల్మ్ క్లబ్ వాళ్ళు నెవియాని పిలిచారట. పదహారో తారీఖున అదే సినిమా, అదే పాట. నమ్రత చెబితే తెలిసింది.

నన్ను పిలవాలిగా. నేను లేకుండా ఎలా పాడుతుంది? ఈసారి ముందే గట్టిగా అడుగుతాను, పేరు చెబితేనే వస్తానని. మిరియాలు తెచ్చి పెట్టుకున్నాను.

నవంబర్ 9

పిలవలేదు. నేనే వెళ్ళాను.

తలుపు తీసి, "జిరీజా" అని బుగ్గ మీద ముద్దు పెట్టింది. కాఫీ పెట్టింది. సోఫాలో అదే చోట కూర్చున్నాం.

"పదహారో తారీఖు ప్రాక్టీస్ ఎప్పుడు?" అని అడిగాను.

"నువ్వు కష్టపడక్కర్లేదు. ఆరోజు రెంజో అంతా రికార్డ్ చేశాడు. బాగా వచ్చింది" అంది. నాకు సాయం చేస్తున్నట్టు, ఒక పని తప్పించినట్టు అంది.

కప్పు కింద పెట్టాను. 

"నా పేరు చెబుతానన్నారు" అన్నాను.

ఆవిడ పోస్టర్లవైపు చూసింది. "చెబుదామనే నిలబడ్డాను. జనం లేచారు. నా నోట్లోంచి ఒక గొంతు వచ్చింది, నా గొంతు నాకు వచ్చేసిందని నేనే నమ్మాను. అప్పుడు నీ పేరు ఎలా చెప్పను? చెబితే మళ్ళీ పోతుంది" అంది.

"ఇనెస్‌కి చేసింది నాకు చెయ్యనన్నారు."

"నువ్వే అన్నావుగా. బాగా చేస్తే మీరు అక్కడ లేనట్టే ఉంటుందని." అది కోపంగా అనలేదు. మెచ్చుకున్నట్టే అంది. "నువ్వు చాలా బాగా చేశావు."

నాకు అక్కడే అరవాలనిపించింది. మోసం అనే మాటకి ఇంగ్లిష్‌లో నాకు తెలిసిన మాటలన్నీ నాలుక దాకా వచ్చాయి. థాంక్స్ ఫర్ ద కాఫీ అని వచ్చేశాను. థాంక్స్ అన్నాను. నేను.

నవంబర్ 10

మోసం. మోసం. దగా. ఇక్కడైనా రాసుకోనీ.

మతిమరుపు కాదు, కంగారు కాదు, నా పేరు పలకలేక కాదు. తన నోట్లో ఇంకొకరి గొంతు పెట్టారని జన్మంతా ఏడ్చిన మనిషి, నా గొంతు తీసుకుని నన్ను వంటింటి తలుపులోంచి పంపించింది. నేను పెట్టిన గంపెడు నమ్మకం మీద కూర్చుని పాడింది. పాడలేదు. అదే నేను చెప్పేది, పాడలేదు.

నవంబర్ 13

ఆ కాలేజీకి వెళుతున్నాను. టికెట్ లేదు, ఎవరైనా రావచ్చట. చివర్లో ప్రశ్నలు అడగనిస్తారు. లేచి నిలబడతాను. ఈ గొంతు నాది, కావాలంటే ఇప్పుడే పాడతానంటాను. అంతే, రెండు ముక్కలు. అద్దం ముందు చెప్పి చూసుకున్నాను, బాగానే వస్తున్నాయి.

ఇషా నాతో వస్తానంది. ఎందుకు వెళుతున్నానో దానికి చెప్పలేదు. చూస్తుందిగా.

నవంబర్ 16

గద్వాల చీర కట్టుకోలేదు. జీన్స్, ఇషా హూడీ.

మూడో వరసలో, చివర సీట్లు. సినిమా అంతా కుర్రపిల్లలు నిశ్శబ్దంగా చూశారు. ఇనెస్ మాట, నెవియా పాట. ఆ ఏడుపు సీన్ వచ్చింది. నెవియా చెప్పింది నిజమే, ఆ ఏడుపు చాలా బాగుంది. అందులో ఎవరు ఏడుస్తున్నారో నాకు తెలుసు కాబట్టి చూడలేకపోయాను.

తర్వాత నెవియా వచ్చింది. నల్ల గౌను, జుట్టు దువ్వి ముడి వేసుకుంది. అందంగా ఉంది. డాక్టర్ సంగతి మళ్ళీ చెప్పింది. పాట మొదలైంది.

ఆవిడ ఎంత కష్టపడి నేర్చుకుందో నాకు తప్ప ఎవరికి తెలుస్తుంది? నేను ఎక్కడ ఊపిరి తీశానో అక్కడ ఆవిడ భుజాలు లేస్తున్నాయి. నేను మింగిన చోట ఆవిడ గొంతు కదులుతోంది. అప్పుడు నేను ఆవిడ పెదవుల వెంట పరిగెత్తాను, ఇప్పుడు ఆవిడ నా ఊపిరి వెంట పరిగెడుతోంది. ఈ వయసులో, రోజుకి ఎన్నిసార్లు విని ఉంటుందో. నాకు కోపం రావాలి. చేతకానిదాన్ని, పెదవులకీ గొంతుకీ సింక్ బాగుంది అనుకున్నాను.

మలుపు వచ్చింది.

ఇషా ఫోన్ ఒళ్ళో పెట్టేసింది. నావైపు తిరిగింది. చీకట్లో దాని మొహం తెలుస్తూనే ఉంది.

"అమ్మా," అంది, చిన్నగా కాదు, మామూలుగా. "దట్స్ యూ. అది నా జో జో సాంగ్‌లోది. ఆ ఆంటీ పాడటం లేదు. నువ్వు పాడుతున్నావు."

ముందు వరసలో ఇద్దరు వెనక్కి తిరిగి చూశారు. స్టేజి మీద నెవియా కళ్ళు కూడా మావైపు తిరిగాయి, నోరు మాత్రం ఆగలేదు. నేను లేచి నిలబడాల్సింది ఇప్పుడే. రెండు ముక్కలు. నేను చెప్పక్కర్లేదు కూడా, నా కూతురే చెప్పేసింది, అవునంటే చాలు.

వేలు పెదవి మీద పెట్టుకున్నాను. "ష్. కాదు. ఆవిడే పాడుతోంది" అన్నాను.

ఆర్టిస్టు నోరు కదుపుతుండగా మధ్యలో గొంతు ఆపకూడదు, స్టూడియోలో దగ్గినా బయటికి పంపేసేవాళ్ళు. అందుకే అన్నాను. అందుకేనా?

ఇషా నా చేతిలోంచి చెయ్యి తీసేసుకుంది. ప్రశ్నలు అడగమన్నప్పుడు ఎవరో ఆ మలుపు గురించే అడిగారు, రికార్డులో లేదు కదా, ఎక్కడిది అని. "మా అమ్మ నన్ను జోకొట్టేటప్పుడు పాడేది" అంది నెవియా.

నవంబర్ 17

ఇషా మాట్లాడటం లేదు. జగన్ ఫ్రిజ్ మీద బోర్డు చూసి, "ఈసారి దీని వంతా?" అన్నాడు. ఎవరూ నవ్వలేదు.

కార్లో ఒకటే మాట అంది నిన్న. "నాకు తెలిసినా నాకే లై చెప్పావు."

నవంబర్ 18

స్కూల్ నుంచి వచ్చి బ్యాగ్ కూడా దించకుండా నా ఎదురుగా కూర్చుంది. ఫోన్‌లో రికార్డ్ నొక్కి డైనింగ్ టేబుల్ మీద పెట్టింది.

"పాడు. లాస్ట్‌లో నీ నేమ్ చెప్పు. నేను పోస్ట్ చేస్తాను" అంది.

కుక్కర్ ఆపేసి వచ్చి కూర్చున్నాను. పాడాను. రేవు పాట మొత్తం, నా వయసు గొంతుతో, ఎవరి పెదవులూ చూడకుండా. మలుపు కూడా తిప్పాను, కావాలనే. ఇషా కళ్ళు తుడుచుకుని, చెప్పు అన్నట్టు తలూపింది.

నోరు తెరిచాను. ఫోన్‌లో ఎర్ర చుక్క వెలుగుతూనే ఉంది. ఇషా కాచుకుని కూర్చుంది. ఇంత మంది మాటలు పలికినదాన్ని, మూడక్షరాలు.

పేరు దగ్గర నా గొంతు పెగల్లేదు.